అగ్ని, ఏకాకి, ఉత్తరదిశ: మనుచరిత్ర ప్రవరుడు – జాక్ లండన్ ‘టు బిల్డ్ ఎ ఫైర్’ – తులనాత్మక పరిశీలన

ఉపోద్ఘాతం

మనుచరిత్రలోని ప్రవర వరూధినీ వృత్తాంతంపై తెలుగులో వచ్చినంత విమర్శ మరే ప్రబంధఘట్టంపైనా వచ్చినట్లు కనిపించదు. ఆ విమర్శలో అధికభాగం ధర్మానికీ కామానికీ నడుమ జరిగిన సంఘర్షణ చుట్టూనే తిరిగింది. ప్రవరుడి నిగ్రహం గొప్పదా, వరూధిని ఆవేదన గొప్పదా, కవి మొగ్గు ఎటువైపు అన్న ప్రశ్నలే పదేపదే చర్చకు వచ్చాయి. ఆ చర్చ విలువైనదే. అయితే ఆ సంఘర్షణకు తావిచ్చిన పరిస్థితి మాత్రం విమర్శకుల చూపు నుంచి కొంత పక్కకు జరిగింది. ప్రవరుడు వరూధినిని వెతుక్కుంటూ వెళ్ళలేదు. జనసంచారం లేని ఉత్తరాన, మంచుకొండల మధ్య, తిరిగివెళ్ళే సాధనం పోగొట్టుకుని ఒంటరిగా చిక్కుకున్నాడు. ఆమె ముందుకు అతడు వచ్చింది ఊరికి దారి అడగడానికి. కాబట్టి ఈ ఘట్టం ప్రలోభకథ కావడానికి ముందే చిక్కుకుపోయిన మనిషి కథ.

ఈ కోణం నుంచి చూసినప్పుడు దీనికి పోల్చదగిన ఆధునిక రచన ఒకటి ఉంది. అమెరికన్ రచయిత జాక్ లండన్ 1908లో ప్రచురించిన ‘టు బిల్డ్ ఎ ఫైర్’ అన్న కథ అది. కెనడా వాయవ్య కొసన ఉన్న యూకాన్ ప్రాంతంలో, గడ్డకట్టే చలిలో ఒంటరిగా నడిచిన ఒక మనిషి నిప్పు రాజేసుకోలేక చనిపోవడం అందులోని ఇతివృత్తం. ఒకటి 16వ శతాబ్దపు ప్రబంధం, మరొకటి 20వ శతాబ్దపు నేచురలిజం ధోరణికి చెందిన కథ. వీటి మధ్య ప్రభావసంబంధం లేదు, ఉండే అవకాశమూ లేదు. అయినా రెండింటిలోనూ ఉత్తరదిశ, మంచు, ఒంటరి పురుషుడు, తిరిగిరాలేని స్థితి, చివరకు అగ్ని అన్న అయిదు అంశాలు ఒకే వరుసలో వస్తాయి. ఒకరిని అగ్ని ఇంటికి చేరుస్తుంది, మరొకరికి అగ్ని దక్కదు. ఈ తేడాకు కారణం పురాణానికీ వాస్తవికతకూ ఉన్న తేడా మాత్రమే కాదని, ‘ఒంటరితనం’ అన్న భావనను రెండు రచనలూ నిర్వచించే తీరులోనే ఆ కారణం ఉందని నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం.

రెండు ప్రయాణాలు

పెద్దన కథకు మూలం మార్కండేయ పురాణం. దానిని తిక్కన శిష్యుడైన మారన అంతకుముందే తెనిగించాడు. పురాణంలో క్లుప్తంగా సాగిన కథను పెద్దన ప్రబంధంగా పెంచాడు. అరుణాస్పదపురంలో నిత్యాగ్నిహోత్రిగా, తల్లిదండ్రులకూ భార్యకూ శిష్యులకూ కేంద్రంగా బతికే ప్రవరుడికి ఒకే ఒక్క బలహీనత ఉంది. తీర్థయాత్రికులు ఎవరు వచ్చినా వాళ్ళు చూసిన దేశాల గురించి, వాటి దూరాల గురించి అడిగి తెలుసుకోవడం అతడికి అలవాటు. కర్మానుష్ఠానం వల్ల ఇల్లు వదలలేని గృహస్థుకు దూరదేశాలపై ఉండే తపన అది. ఒక సిద్ధుడు ఇచ్చిన పాదలేపంతో అతడు క్షణాల్లో హిమాలయానికి చేరుకుంటాడు.

లండన్ కథకు మూలం పురాణం కాదు, అనుభవం. 1896లో క్లోండైక్ ప్రాంతంలో బంగారం బయటపడ్డాక వేలాదిమంది ఉత్తరానికి ఎగబడ్డారు. 21 ఏళ్ళ వయసులో లండన్ 1897లో అక్కడికి వెళ్ళి, హెండర్సన్ క్రీక్ పరిసరాల్లో శీతకాలం గడిపి, స్కర్వీ వ్యాధితో 1898లో తిరిగివచ్చాడు. కథలోని మనిషి నడిచేది ఆ హెండర్సన్ క్రీక్ వైపే. వసంతంలో నది దీవుల నుంచి దుంగలు తెచ్చుకునే వీలుందేమో చూడటానికి అతడు చుట్టుదారి పట్టాడు. తోటివాళ్ళు ఉన్న విడిదికి సాయంత్రం ఆరు గంటలకల్లా చేరుకోవాలని అతడి లెక్క.

ప్రవరుడి ప్రయాణానికి ప్రేరణ అద్భుతం, ఈ మనిషి ప్రయాణానికి ప్రేరణ కలప. ప్రవరుడికి ఆశ్చర్యం ఎక్కువ, ఆచరణజ్ఞానం తక్కువ. రెండో మనిషికి ఆచరణజ్ఞానం ఉంది, ఆశ్చర్యమే లేదు. అతడికి ఊహాశక్తి లేదని, విషయాలు పట్టుకోగలడు కాని వాటి అంతరార్థం పట్టుకోలేడని రచయితే కథ మొదట్లో చెబుతాడు. ఇద్దరి పతనానికీ బీజం ఈ లోపాల్లోనే ఉంది.

ధ్వని చెప్పిన మాట

రెండు రచనల్లోనూ ప్రమాదం మొదట ధ్వనిరూపంలో పలుకుతుంది. పోలికకు అత్యంత బలమైన ఆధారం ఇక్కడే దొరుకుతుంది.

లండన్ కథలో మనిషి ఉమ్మి చూస్తాడు. సున్నాకు దిగువన 50 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర ఉమ్మి మంచుమీద పడి చిటపటలాడుతుందని అతడికి తెలుసు. ఇక్కడ అది నేలను తాకక ముందే గాలిలోనే చిట్లింది. అంటే చలి ఇంకా తీవ్రంగా ఉందని గ్రహిస్తాడు. నిజానికి అది సున్నాకు దిగువన 75 డిగ్రీలు, సెల్సియస్‌లో దాదాపు మైనస్ 59. అతడు సంకేతాన్ని సరిగానే చదివాడు. అది తనకు, తన రక్తమాంసాలకు, మనిషి అన్న ప్రాణి బలహీనతకు సంబంధించిన సంకేతమని మాత్రం అనుకోలేదు. ఎంత చలైతేనేం అనుకుని ముందుకు సాగాడు.

ప్రవరుడు కూడా ఒక ధ్వనిని వింటాడు. పర్వతశోభను చూసి తనివితీరక, మిగిలిన వింతలు రేపు చూడవచ్చునని, ఇవాళ్టికి ఇంటికి మళ్ళాలని అనుకుంటాడు. అలా అనుకోవడానికి కారణం, ఎండకు వేడెక్కిన సూర్యకాంతశిలలపై మంచుబొట్లు పడి చూత్కారాలు చేస్తూ మధ్యాహ్నం అయిందని తెలపడం. ఈ పద్యాన్ని సాధారణంగా పెద్దన శబ్దచమత్కృతికి, వర్ణనాశిల్పానికి ఉదాహరణగా చూపుతారు. కథాగమనంలో అది చేసే పని అంతకంటె పెద్దది. ఆ ధ్వనిలో ప్రవరుడు కాలాన్ని విన్నాడు, కర్మవేళను విన్నాడు. మంచు కరుగుతోందన్న మాటను వినలేదు. మరుక్షణంలో అతడికి తెలిసివచ్చే కీడు సరిగ్గా అదే. కరిగిన మంచుకు పాదలేపం కొట్టుకుపోయింది. గడియారంగా వినిపించిన మంచే అతడి దారిని మింగేసింది. పద్యంలోని సమాసబంధం కేవలం అలంకారమైతే ఈ పొందిక కుదరదు. ఆపదను వర్ణనలోనే పొదిగి, పాత్రచేత పాక్షికంగా మాత్రమే చదివించడం పెద్దన కథనశిల్పంలోని విశేషం.

ఈ ఇద్దరూ అజ్ఞానులు కారు. ఒకరు చలిని కొలవగలరు, మరొకరు పొద్దును కొలవగలరు. కొలతకూ తనకూ ఉన్న సంబంధాన్ని గుర్తించకపోవడమే ఇద్దరూ చేసిన తప్పు.

పేరు, ఇల్లు, జ్ఞాపకం

లండన్ ఇదే పేరుతో ఇంతకుముందు మరో కథ రాశాడు. 1902లో బాలల పత్రిక ‘ద యూత్స్ కంపానియన్’లో వచ్చిన ఆ కథలోని మనిషికి టామ్ విన్సెంట్ అన్న పేరు ఉంది. అతడు ఎలాగో నిప్పు రాజేసుకుని, చేతులకు జీవితాంతం మిగిలే మచ్చలతో బయటపడి, ఒంటరిగా ప్రయాణించరాదన్న పాఠం నేర్చుకుంటాడు. 1908 నాటి కథలో లండన్ మూడు మార్పులు చేశాడు. పేరు తీసేశాడు, ఒక కుక్కను తోడు చేశాడు, మనిషిని చంపేశాడు. ఈ మూడింటికీ పరస్పరం సంబంధం ఉంది. పేరు పోగానే వ్యక్తి వెనుక ఉన్న ఊరు, కులం, కుటుంబం, గతం అన్నీ పోయాయి. మిగిలింది ‘మనిషి’ అన్న జాతినామం, ఎముకలు కొరికే చలి.

తెలుగు కథ దీనికి సరిగ్గా వ్యతిరేకదిశలో నడిచింది. సంస్కృత పురాణంలో ఈ బ్రాహ్మణుడికి ప్రత్యేకమైన పేరు లేదు. శ్రేష్ఠుడైన ద్విజుడన్న అర్థంలో వచ్చిన విశేషణమే అక్కడ ఉంది. ఆ ‘ప్రవర’ శబ్దమే తెలుగులో పేరుగా స్థిరపడింది. ఆ పేరు ధ్వనించే అర్థాన్నీ గమనించాలి. ప్రవర అంటే గోత్రఋషుల పరంపర. తన వంశాన్ని చెప్పుకునేటప్పుడు మనిషి పలికే మాటే ఇక్కడ ఆ మనిషికి పేరైంది. అతడు ఎక్కడ నిలబడినా వెనుక ఒక వరుస ఉంటుంది.

పాదలేపం కరిగిందని తెలిసిన వెంటనే ప్రవరుడు చేసే ఆలోచనలో ఇది స్పష్టపడుతుంది. తనకు ఆకలవుతుందని కాని, క్రూరమృగాలు ఉంటాయని కాని, రాత్రి చలికి చచ్చిపోతానని కాని అతడు అనుకోడు. క్షణం కనిపించకపోతే ఊరంతా గాలించే తండ్రి, సంధ్యవేళ గడప దాటనివ్వని తల్లి, తన మనసెరిగిన భార్య, నీడలా వెన్నంటే శిష్యులు, ఆ పూట అందవలసిన అతిథిపూజ, చివరగా ఇంట్లోని అగ్నులు వరుసగా అతడి తలపులోకి వస్తాయి. ఈ సీసపద్యం వరుసక్రమం యాదృచ్ఛికం కాదు. మనుషులతో మొదలై అగ్నులతో ముగుస్తుంది. నిర్జనారణ్యంలో నిలబడి అతడు చూసేది తన ఇల్లు. ఆ ఇంటికి మధ్యలో ఉండేది నిప్పు.

లండన్ పాత్రకు ఇటువంటి తలపు కథ చివరిదాకా రాదు. ‘కుర్రాళ్ళు’ అని మాత్రమే వ్యవహరించిన తోటివాళ్ళు అతడి మనసులో విడిదికి, భోజనానికి గుర్తులుగానే ఉంటారు. ఊహాశక్తి లేదని మొదట చెప్పిన ఆ మనిషి చనిపోయే ముందు మొట్టమొదటిసారి ఊహిస్తాడు. మర్నాడు తోటివాళ్ళతో కలిసి వస్తూ మంచులో పడి ఉన్న తన శవాన్ని తానే చూస్తాడు. సల్ఫర్ క్రీక్ దగ్గర హెచ్చరించిన ముసలివాడు చెప్పింది నిజమేనని ఒప్పుకుంటాడు. ప్రవరుడికి ఆపద మొదలైన క్షణంలోనే వచ్చిన బాంధవ్యభావన ఇతడికి ఆపద ముగిసిన క్షణంలో వచ్చింది. ఆలస్యంగా వచ్చిన ఊహ ప్రాణం నిలపలేదు. తనవారితో ఉన్నట్లు అనిపింపజేసి చావును మాత్రం సుఖతరం చేసింది.

రెండు అగ్నులు

లండన్ కథలో నిప్పు పూర్తిగా భౌతికమైనది. అగ్గిపుల్ల, బెరడు, ఎండుపుల్ల, వేళ్ళ కదలిక అన్న నాలుగింటిలో ఏది తప్పినా అది పుట్టదు. కాలు మంచుకింది నీటిలో పడి తడిసిన తరువాత మనిషి స్ప్రూస్ చెట్టు కింద నిప్పు రాజేస్తాడు. ఆ చెట్టుకొమ్మల నుంచే ఒక్కొక్క పుల్లనూ లాగి వేస్తాడు. లాగినప్పుడల్లా చెట్టు కాస్త కదిలింది. చివరకు కొమ్మలపై పేరుకున్న మంచు ఒక్కసారిగా జారిపడి నిప్పును కప్పేసింది. సాయం చేసిన చెట్టే చంపింది. కరిగిన మంచు ప్రవరుడి లేపాన్ని తుడిచిపెట్టిన విధంగానే కూలిన మంచు ఈ మనిషి నిప్పును తుడిచిపెట్టింది. తరువాత మొద్దుబారిన చేతులతో డెబ్బై అగ్గిపుల్లలను ఒకేసారి వెలిగించి, చర్మం కాలుతున్నా పట్టుకుని చేసిన ప్రయత్నమూ విఫలమవుతుంది. ఈ నిప్పుకు నిన్న లేదు, రేపు లేదు. అప్పటికప్పుడు పుట్టాలి, అప్పటికప్పుడు ఆరిపోతుంది.

ప్రవరుడి అగ్ని ఇందుకు భిన్నం. వరూధిని చేతుల నుంచి తప్పించుకున్నాక అతడు అగ్నిని ప్రార్థిస్తాడు. తాను దానజపాగ్నిహోత్రాల్లో నిష్ఠ కలవాడైతే, పరస్త్రీ పరధనాలపై ఆశ లేనివాడైతే, సూర్యుడు పడమటి సముద్రంలో దిగకముందే ఇంటికి చేర్చమని వేడుకుంటాడు. అగ్ని అతడి దేహంలో ప్రవేశించి ఇంటికి చేరుస్తుంది. సంస్కృత పురాణంలో ఈ అగ్ని గార్హపత్యం, అంటే గృహపతికి చెందిన అగ్ని. అది అరణ్యంలో పుట్టిన నిప్పు కాదు. ఇంట్లో ఏళ్ళ తరబడి ఆరనివ్వకుండా కాపాడిన నిప్పు. భార్య లేనిదే అగ్నిహోత్రాధికారం లేదన్న శాస్త్రనియమాన్ని బట్టి ఆ అగ్ని ప్రవరుడి ఒక్కడిదీ కాదు. దంపతులిద్దరి శ్రమ, ఒక కుటుంబపు దినచర్య అందులో ఉన్నాయి.

ఇక్కడ ఒక అభ్యంతరం రావచ్చు. దైవం దిగివచ్చి కాపాడిన కథను, దైవమే లేని కథతో పోల్చడం న్యాయమా అన్నది ఆ ప్రశ్న. అద్భుతాన్ని కథాతర్కం నుంచి వేరుచేసి చూసినప్పుడే ఈ అభ్యంతరం నిలుస్తుంది. మనుచరిత్రలో అగ్ని ప్రవేశం హఠాత్తుగా ఊడిపడిన పరిష్కారం కాదు. ప్రథమాశ్వాసంలో ప్రవరుడి దినచర్యను వివరంగా చెప్పినప్పుడే కవి దానికి పునాది వేశాడు. సిద్ధుడి పసరు అరువుతెచ్చుకున్న శక్తి, తేలిగ్గా వచ్చింది, తేలిగ్గానే పోయింది. అగ్ని అతడి సొంత ఆర్జన. అరువుశక్తి తీసుకువెళ్ళిన చోటి నుంచి ఆర్జితశక్తి వెనక్కి తెచ్చింది. లండన్ కథలోని తర్కం కూడా దీనికి దూరం కాదు. ఆ మనిషి పక్కన మరొకరు ఉంటే వేళ్ళు మొద్దుబారినా నిప్పు వెలిగేది. ముసలివాడి సలహాలో ఉన్న సారం అదే, ఆపదలో ఆ మనిషికి తట్టిన ఆలోచనా అదే. రెండు రచనల ప్రకారమూ నిప్పు ఒక్కడి చేతిలో పని కాదు.

తేడా ఉన్నది మనుగడ అన్న మాటకు ఇచ్చిన అర్థంలో. లండన్ దృష్టిలో నిలవవలసింది దేహోష్ణం. పెద్దన హిమాలయంలో చలి దాదాపు లేదు. సెలయేళ్ళు, నెమళ్ళు, అలల చప్పుళ్ళు ఉన్నాయి కాని వణుకు లేదు. ప్రవరుడికి దేహం గురించిన భయం లేదు, సంధ్యవేళ దాటిపోతుందన్న భయం ఉంది. అతడిలో నిలవవలసింది ప్రాణం కాదు, క్రమం. సూర్యుడు అసలే ఉదయించని పగటిలో లండన్ మనిషి నడిస్తే, అస్తమించబోయే సూర్యుడితో ప్రవరుడు పందెం వేశాడు.

అరణ్యం ఎవరికి?

రెండు రచనల్లోనూ ఒంటరిగా ఉన్న మనిషి నిజానికి ఒంటరిగా లేడు. ఒకరికి ఎదురుగా వరూధిని ఉంది, మరొకరి వెంట కుక్క ఉంది. ఇద్దరూ ఆ చోటికి చెందినవారే. కుక్కకు చలి ఎంతో తెలియకపోయినా అది ప్రయాణానికి తగిన రోజు కాదని తెలుసు. వరూధినికి ఆ కొండలు ఇల్లు. ప్రవరుడు ఆమెను మొదటగా అడిగేది, ఈ వనభూమిలో భయం లేకుండా ఒంటరిగా ఎందుకు తిరుగుతున్నావని. తనకున్న ఒంటరితనాన్ని ఆమెకు అంటగట్టి అడిగిన ప్రశ్న అది. దారితప్పినవాడు స్థానికురాలిని ఒంటరి అనుకోవడంలో పెద్దన సున్నితమైన హాస్యం ఉంది. అంత పెద్ద కన్నులుండి దారి అడుగుతావేమని ఆమె ఎత్తిపొడవడం ఆ హాస్యానికి కొనసాగింపు.

‘నిర్జనం’ అన్నది వచ్చినవాడి మాట, ఉన్నవారి మాట కాదు. లండన్ కథ జరిగిన నేల హాన్ భాష మాట్లాడే ఆదిమప్రజలది. క్లోండైక్ అన్న పేరే వారి భాషలోని నదీనామం బయటివారి నోట మారిన రూపం. కథలో మాత్రం వారు లేరు. ఆ చోటి జ్ఞానానికి ప్రతినిధిగా కుక్క ఒక్కటే మిగిలింది. ఈ లోటు రచయితదే అయినా, స్థానికజ్ఞానాన్ని పక్కనపెట్టి నడిచిన మనిషి చనిపోవడం ఆ లోటుపై కథ తానే చేసిన విమర్శగా చదవవచ్చు.

ఆపద ముదిరినప్పుడు ఇద్దరు పురుషులూ ఆ తోడును సాధనంగానే చూశారు. కుక్కను చంపి దాని కడుపులో చేతులు వెచ్చచేసుకోవాలని ఒకరు ప్రయత్నించి, కత్తి పట్టుకునే శక్తి లేక వదిలేశాడు. దారి చెప్పే మనిషిగా మాత్రమే వరూధినిని చూసిన ప్రవరుడు, ఆమె దారి చెప్పదని తేలాక తోసివేశాడు. ఈ రెండు చర్యలూ నైతికంగా ఒకటి కావు. ప్రవరుడిది ఆత్మరక్షణ, అతడి ధర్మం దృష్ట్యా సమర్థనీయం. కాని రెండు రచనలూ పురుషుడు రంగం వీడిన తరువాత అక్కడే నిలబడి మిగిలినవారి వైపు చూడటం గమనార్హం. లండన్ కథ చివరి వాక్యాల్లో మనిషి లేడు. మృత్యువాసన పసిగట్టిన కుక్క కాసేపు అరిచి, ఆహారం, నిప్పు ఇచ్చే వేరే మనుషులున్న విడిదివైపు వెళ్ళిపోతుంది. మనుచరిత్ర ప్రవరుడితో ఇంటికి వెళ్ళిపోయి ఊరుకోదు, వరూధిని విరహంతో కొండపైనే ఉండిపోతుంది. మాయాప్రవరుడి మోసం, స్వరోచి జననం, చివరకు మనుసంభవం అన్నీ అక్కడి నుంచే పుడతాయి. కావ్యానికి పేరిచ్చిన మనువు, గృహస్థుడి ఇంట కాదు, అతడు అరణ్యమని భావించిన చోట మొదలైన వంశంలో పుట్టాడు.

ముగింపు

ప్రవరుడి ఘట్టాన్ని నిగ్రహవిజయంగా మాత్రమే చదివినప్పుడు పాదలేపం, మంచు, సీసపద్యంలోని ఇల్లు, అగ్నిప్రార్థన విడివిడి అంశాలుగా మిగిలిపోతాయి. చిక్కుకుపోయిన మనిషి కథగా చదివినప్పుడు అవన్నీ ఒకే సూత్రానికి గుచ్చిన పూసలవుతాయి. లండన్ కథ పక్కన పెట్టడంవల్ల ఆ సూత్రం మరింత స్పష్టంగా కనిపిస్తుంది. మనిషి ఉత్తరాన బతికి బయటపడేది అక్కడ చేసిన సాహసంవల్ల కాదు, అక్కడికి వెళ్ళకముందు ఇతరులతో కలిసి కాపాడుకున్న నిప్పువల్ల. ఆ నిప్పు వెనుక ఉన్నవాడు ఒంటరి అయినా తిరిగివచ్చాడు, లేనివాడు తోడుండీ రాలేదు.

అయితే ఆ రక్షణకు ఒక హద్దు ఉందని కూడా పెద్దన చూపాడు. ఇంటి అగ్ని ఇంటివాడినే కాపాడింది. కొండపై మిగిలినవారి దుఃఖానికి అది జవాబు చెప్పలేదు, ఆ జవాబు వెతుకుతూనే కావ్యం ముందుకు సాగింది. ధర్మమా కామమా అన్న పాత ప్రశ్నకు ఈ పరిశీలన కొత్త తీర్పు ఇవ్వదు. ఎవరి ఇల్లు ఎవరికి అరణ్యమైంది, ఎవరి నిప్పు ఎవరిదాకా అందింది అన్న ప్రశ్నలను ఆ చర్చకు ముందు నిలుపుతుంది. వనవాసాలకు, తీర్థయాత్రలకు కొదవలేని తెలుగు కావ్యపరంపరలో ఇతర ఘట్టాలను కూడా ఈ ప్రశ్నలతో తిరిగి చదవవలసి ఉంది.